లచ్చన్న అను పేరు – సోంపేట ఎన్నికలు

1961 నాటి ఎన్నికల నిర్వహణ నియమావళిలో ఒక చిన్న నిబంధన ఉన్నది. ఒకే పేరు గల అభ్యర్థులు ఇద్దరో ముగ్గురో ఒకేచోట పోటీకి దిగినట్లయితే, వారి పేర్లకు వృత్తిని గాని నివాసాన్ని గాని చేర్చి, లేదా మరొక విధంగా, భేదం తెలియజేయవలెనని దాని తాత్పర్యం. న్యాయవాదులకు ఇది మామూలు మాట. బడిపిల్లలకు సంధులు, సమాసాలు చెప్పుకొంటూ బ్రతికిన నాకు మాత్రం దీనిని మొదటిసారి చదివినప్పుడు నవ్వు వచ్చింది. మన పూర్వులు ఇంటిపేర్లు పెట్టుకొన్న పద్ధతి అచ్చంగా ఇదే గదా! ఊరిలో నలుగురు రామయ్యలు ఉంటే ఒకడు కరణం రామయ్య, ఒకడు పూజారి రామయ్య, పొరుగూరి నుండి వచ్చినవాడు ఆ ఊరి పేరుతో రామయ్య. వందల యేండ్ల క్రిందట రచ్చబండ దగ్గర జరిగిన పనినే బ్యాలెట్ కాగితం మీద మళ్ళీ చేయమని ఆ నిబంధన చెబుతున్నది.

తెన్నేరు అనే ఊరి పేరులోని చివరి ‘రు’ తీసి ‘టి’ చేర్చితే తెన్నేటి. వ్యాకరణం చదివినవారు దీనిని ఔపవిభక్తికం అంటారు. ‘ఏరు’ ‘ఏటి’ అయినట్లే ఇదీ. తెన్నేటి విశ్వనాథం గారు 1967లో విశాఖపట్నం నుంచి స్వతంత్రుడుగా నిలిచి లోక్‌సభకు ఎన్నికైనప్పుడు, ఏనాడో పూర్వులు విడిచివచ్చిన ఒక ఊరు కూడా ఆయనతోపాటు ఢిల్లీ వెళ్ళిందన్నమాట. శ్రీకాకుళం నుంచి పలుమార్లు లోక్‌సభకు వెళ్ళిన బొడ్డేపల్లి రాజగోపాలరావు గారి ఇంటిపేరులో ఒక పల్లె ఉన్నది. గోగినేని రంగనాయకులు గారి ఇంటిపేరు చివరి ‘నేని’ నాయక శబ్దం అరిగి అరిగి ఏర్పడినది. రంగనాయకులు తరువాత రంగా అయినారు. ఆచార్య రంగా అంటేనే దేశానికి తెలుసు. పుచ్చలపల్లి సుందరరామిరెడ్డి గారు తన పేరులోని కులసూచకాన్ని విడిచివేసి సుందరయ్య అయినారు. గన్నవరం ప్రజలు ఆ పేరుకే ఓట్లు వేసి శాసనసభకు పంపినారు. ఇట్లా తరచి చూస్తే ప్రతి ఎన్నికల జాబితా ఒక చిన్న నామకోశమే.

వీరందరిలో నా మనస్సు నిలిచేది మా ఉత్తరాంధ్రపు పేరు ఒకదాని మీద. అది గౌతు లచ్చన్న గారి పేరు.

ఆయన 1909 ఆగస్టు 16న బారువలో జన్మించినారు. అప్పటికి ఆ సముద్రతీరమంతా మద్రాసు రాజధానిలోని గంజాం జిల్లా. 1936లో ఒరిస్సా రాష్ట్రం ఏర్పడి ఆ జిల్లా చీలినప్పుడు సోంపేట ప్రాంతం మద్రాసు వైపు ఉండి విశాఖపట్నం జిల్లాలో చేరినది. 1950లో శ్రీకాకుళం జిల్లా వేరుపడినది. ఊరు కదలకుండా నలభై యేండ్లలో ముగ్గురు కలెక్టర్లను మార్చిన నేల అది. ఆ సరిహద్దులో తెలుగు పేర్లూ ఒడియా పేర్లూ పక్కపక్కనే నివసిస్తాయి. బెహరా, పాత్రో, దొళాయి మొదలైనవి ఒకనాడు రాజులిచ్చిన పదవులూ గౌరవాలూ, నేడు ఇంటిపేర్లు.

ఇక ‘లచ్చన్న’ శబ్దవిచారం. సంస్కృతంలోని క్షకారానికి ప్రాకృతంలో రెండు దారులు ఉన్నవి. ఒకటి క్కకారపు దారి: పక్షి పక్కి అయినది, అక్షరము అక్కరము అయినది. రెండవది చ్చకారపు దారి: లక్ష్మి లచ్చి అయినది. లక్ష్మణ శబ్దం ఈ రెండు దారులలోనూ నడిచినది; ఉత్తరాదివారు లఖన్ అనీ అంటారు, లఛమన్ అనీ అంటారు. కాబట్టి లచ్చన్నకు లక్ష్మణుడు మూలమని చెప్పవచ్చు. కాదు, లచ్చికి అన్న చేరి, ఇకారం లోపించి, లచ్చన్న అయినదనీ చెప్పవచ్చు. పురుషునికి దేవి పేరేమిటి అని సందేహించేవారు మా ప్రాంతం ఎరుగనివారు. విజయనగరం పైడితల్లి పేరున పైడిరాజులు, పైడినాయుళ్ళు ఉన్నారు. అనకాపల్లి నూకాలమ్మ పేరున నూకరాజులు ఉన్నారు. పోలమ్మ పేరున పోలినాయుళ్ళు ఉన్నారు. తల్లి పేరు పెట్టుకోవడం ఇక్కడి మగవారికి నామోషీ కాదు. నాకు ఈ రెండవ వ్యుత్పత్తియే రుచిస్తుంది.

‘అన్న’ చేర్చడం కూడా నిన్న మొన్నటి అలవాటు కాదు. అయ్య, అన్న, అప్ప, అమ్మ అనే బంధువాచకాలను పేర్లకు తగిలించడం తెలుగువారి పాత మర్యాద. నన్నయ, తిక్కన, ఎర్రన అని మనం కవిత్రయాన్ని పిలిచేటప్పుడు వింటున్నది ఆ అయ్యలనూ అన్నలనే. పదునాలుగవ శతాబ్దపు ఎర్రన పేరే కదా, నాయుడు శబ్దాన్ని వెంటబెట్టుకొని, 1996 నుంచి వరుసగా నాలుగుసార్లు శ్రీకాకుళం లోక్‌సభ స్థానాన్ని గెలిచిన ఎర్రన్నాయుడు గారి పేరైనది! ఆరు వందల యేండ్ల తరువాత కూడా బ్యాలెట్ పెట్టెలో ఆ పేరు చెల్లినదంటే దాని ధాతుపుష్టి ఎటువంటిదో ఆలోచించండి.

లచ్చన్న గారు ఉప్పు సత్యాగ్రహంలోనూ క్విట్ ఇండియాలోనూ జైలుకు వెళ్ళినవారు. అయితే ఆయనకు ఓట్లు తెచ్చినది జైలు ఒక్కటే కాదు. జమీందారీ గ్రామాల రైతులు, కల్లుగీతను నమ్ముకొన్న కుటుంబాలు – ఈ ఇరువురి బాధలలో ఆయన ఉన్నారు. మందస జమీందారీలో అడవి హక్కుల కోసం రైతులు తిరగబడినప్పుడు, 1940 ఏప్రిల్ 1న గుడారి రాజమణిపురంలో పోలీసు కాల్పులకు నేలకొరిగిన సాసుమాన గున్నమ్మ ఈ నేల ఆడపడుచు. గున్న అంటే చిన్నది, లేతది. గున్నమామిడి, గున్నయేనుగు అంటాము. ముద్దుగా పెట్టిన ఆ పేరుకు ముందు ‘వీర’ శబ్దం ప్రజలు చేర్చినది. లచ్చన్న పేరుకు ముందు ‘సర్దార్’ చేరినదీ ఆ తీరుననే. పారశీకంలో సర్ అనగా తల, దార్ అనగా ధరించువాడు, వెరసి నాయకుడు. బార్డోలీ రైతుల పోరాటంతో వల్లభభాయి పటేలుకు వచ్చిన బిరుదే రైతుల పక్షాన నిలిచిన మా ఉత్తరాంధ్రవానికీ వచ్చినది. పారశీకపు సర్దార్ ప్రాకృతపు లచ్చన్నతో ఎట్లా పొసగినదో గాని, ఒకటి లేక మరొకటి పలకడం మా పెద్దలకు చేతకాలేదు.

1951లో రంగా గారు కాంగ్రెసును విడిచి కృషికార్ లోక్ పార్టీని స్థాపించినప్పుడు లచ్చన్న గారు ఆయన వెంట నడిచినారు. ఆ తొలి ఎన్నికలలో ఆ పార్టీ గుర్తు ధాన్యం తూర్పారబట్టే రైతు. 1951 జనాభా లెక్కల నాటికి దేశంలో నూటికి సుమారు 18 మందికే అక్షరాలు వచ్చు. అందుచేత ఒక్కొక్క అభ్యర్థికి ఒక్కొక్క పెట్టె పెట్టి, పెట్టెపై గుర్తు అంటించేవారు. ఓటరు తన కాగితాన్ని నచ్చిన పెట్టెలో వేసి రావలసినదే. కాగితం మీద ఏ పేరూ ఉండేది కాదు. 1957 దాకా ఈ పెట్టెల పద్ధతియే నడిచినది. అంటే నాయకుని పేరు అప్పటికి చెవులకు సంబంధించినది, కండ్లకు కాదు. బండి మీద నుంచి కేక వేయడానికీ, పొలంగట్టు మీద నలుగురూ చెప్పుకోవడానికీ అనువైనదే పేరు. లచ్చన్న అనే మూడక్షరాలకు అంతకంటె కావలసినదేమున్నది?

పేర్ల విషయంలో ఆ తొలి ఎన్నికలు పెట్టిన పరీక్ష మరొకటి ఉన్నది. ఉత్తర భారతంలో లక్షలాది స్త్రీలు తమ పేరు పరాయివానికి చెప్పడానికి ఒప్పుకోలేదు. ఫలానావాని భార్య, ఫలానావాని తల్లి అని మాత్రమే వ్రాయించినారు. అట్టివారి నమోదులు సుమారు 28 లక్షలు జాబితాల నుంచి తొలగిపోయినవి. పేరు చెప్పనందుకు ఓటు పోయినది. మనవైపు చిక్కు ఇంకొక రకం. స్త్రీ తన పేరు చెబుతుంది గాని మగని పేరు పలకదు. ఓటర్ల జాబితాలకై ఇల్లిల్లూ తిరిగే పని ఉపాధ్యాయులది గనుక ఈ చిక్కు నేనూ పడినాను. ఒక అవ్వను మీ ఆయన పేరేమిటమ్మా అంటే “కొండమీద సామి పేరు బాబూ” అన్నది. ఏ కొండ అంటే సింహాచలం వైపు చేయి చూపింది. నా తెలివికి నేనే మురిసిపోయి అప్పన్న అని వ్రాసుకొన్నాను. లోపలి నుంచి కోడలు వచ్చి, “అప్పన్న కాదు బాబూ, మా మామ పేరు సింహాచలవే” అన్నది. దేవుని పేరే గాక దేవుడున్న కొండ పేరు కూడా మనిషి పేరవుతుందని, అదే జిల్లాలో పుట్టిన నాకు ఆ క్షణాన తట్టలేదు.

ఇటువంటి పేర్లు మా జిల్లాలో కోకొల్లలు. అరసవల్లి సూర్యనారాయణులు, శ్రీకూర్మం కూర్మారావులు, ముఖలింగాలు. పురిట్లో పిల్లలు దక్కని తల్లి, పుట్టిన బిడ్డను తవుడుకు అమ్మినట్లు నటించి మళ్ళీ తెచ్చుకొని తవిటయ్య, తవిటినాయుడు, తవుడమ్మ అని పెట్టుకొన్న పేర్లు. మృత్యువు కంటికి ఆనకుండా ఉండేందుకు వేసిన ముసుగు అది. ఆ పేరు విని నవ్వేవారికి దాని వెనుక తల్లి ఏడుపు వినబడదు.

తిరిగి ఎన్నికలకు వస్తాను. మద్యనిషేధం కల్లుగీతవారి జీవనాన్ని దెబ్బతీసినది. వారి ఆందోళనకు అండగా నిలిచినవారిలో లచ్చన్న గారు ముఖ్యులు. ఆయన పుట్టినదీ ఆ వృత్తివారి ఇంటనే. మద్యనిషేధ వివాదం మీదనే 1954 నవంబరులో ప్రకాశం పంతులు గారి ప్రభుత్వం ఒక్క ఓటు తేడాతో కూలిపోయినది. 1955 మధ్యంతర ఎన్నికలలో కాంగ్రెసు, కృషికార్ లోక్, ప్రజా పార్టీలు ఒక కూటమిగా ఏర్పడి కమ్యూనిస్టులను ఎదుర్కొన్నవి. ఆ ఎన్నికలలో కమ్యూనిస్టులు 15 స్థానాలకు పరిమితమైనారు; కృషికార్ లోక్ పార్టీకి 22 స్థానాలు వచ్చినవి. సోంపేట లచ్చన్న గారిని ఎన్నుకొన్నది. బెజవాడ గోపాలరెడ్డి గారి మంత్రివర్గంలో ఆయన మంత్రి అయినారు. 1959లో స్వతంత్ర పార్టీ పుట్టగా రంగా గారు దానికి తొలి అధ్యక్షులు, మన రాష్ట్రంలో లచ్చన్న గారు దాని మూలస్తంభం. 1962 నుంచి బ్యాలెట్ కాగితంపై పేర్లూ గుర్తులూ ముద్రించి ముద్ర వేయించే పద్ధతి దేశమంతటా అమలైనది. చెవికి మాత్రమే తెలిసిన పేరు అచ్చులో కంటికి కనబడినది. ఆ యేడూ సోంపేట ఆయనదే.

నాకు అన్నింటికంటె ఆశ్చర్యం 1967. ఆ ఎన్నికలలో స్వతంత్ర పార్టీ లోక్‌సభలో 44 స్థానాలతో పెద్ద ప్రతిపక్షంగా నిలిచినది గాని, రంగా గారు మాత్రం చిత్తూరులో ఓడిపోయినారు. అదే సమయంలో లచ్చన్న గారు సోంపేట శాసనసభ స్థానాన్నీ శ్రీకాకుళం లోక్‌సభ స్థానాన్నీ రెంటినీ గెలిచి ఉన్నారు. తన గురువు కోసం ఆయన లోక్‌సభ స్థానాన్ని వదలుకొన్నారు. ఉప ఎన్నిక వచ్చినది. గుంటూరు జిల్లా నిడుబ్రోలులో పుట్టిన రంగా గారిని శ్రీకాకుళం ప్రజలు ఢిల్లీకి పంపినారు. కాగితం మీద అచ్చయిన పేరు రంగాది. ఓటరు మనస్సులో ఉన్న పేరు లచ్చన్నది. ఒకరి పేరుకు పడవలసిన ఓటును మరొకరి పేరుకు మళ్ళించడం ఎంత కష్టమో ఎన్నికలలో తిరిగినవారికి తెలుసు. తెచ్చుకొన్న పదవిని చేజేతులా ఇచ్చివేసేవారు ఎందరున్నారో నేను వేరే చెప్పనక్కరలేదు.

1978లో రాష్ట్రమంతా ఇందిరా కాంగ్రెసు గాలి వీచినా, జనతా పక్షాన సోంపేటలో లచ్చన్న గారు మళ్ళీ గెలిచినారు. శాసనసభలో ప్రతిపక్షానికి నాయకత్వం వహించినారు. 1978 సంవత్సరాన్ని నేను ప్రత్యేకంగా చెప్పడానికి కారణం ఉన్నది.

1984లో నేను భాషాపండితునిగా ఉద్దానంలోని ఒక ఊరి బడిలో కొత్తగా చేరినాను. వయస్సు తక్కువ, పాండిత్యం తలకెక్కిన రోజులు. ప్రవేశాల పట్టిక నింపే పని నాకు అప్పగించినారు. ఒక కొబ్బరితోట కూలి తన కొడుకును వెంటబెట్టుకొని వచ్చినాడు. పేరేమిటన్నాను. “లచ్చన్న, బాబూ. ఈడు పుట్టినేడే లచ్చన్న గోరు గెలిసినారు. ఆరి పేరే ఎట్టుకున్నాం” అన్నాడు. నేను నవ్వి, ‘లచ్చన్న అన్నది వికృతి, బడిలో ప్రకృతి రూపమే వ్రాయవలె’ అని, లక్ష్మణరావు అని వ్రాసినాను. లేని రావు శబ్దాన్ని కూడా ఉదారంగా దానం చేసినాను. రాజ శబ్దం నుంచి పుట్టిన ఆ రావు ఆ కూలివాని ఇంటికి ఏ రాజ్యం తెచ్చిపెడుతుందనుకొన్నానో! తండ్రి ఎదురు చెప్పలేదు. పంతులు వ్రాసినది తప్పు అనడం అతని ఊహకు అందని మాట. ఆ యేడు నేను అటువంటి దిద్దుబాట్లు చాలా చేసినాను. తవిటయ్యలు తవిటేశ్వరరావులైనారు, లచ్చమ్మలు లక్ష్మీకుమారులైనారు. సంస్కృతీకరణం అనే ముచ్చట నా ఒక్కనిదే కాదు. కులాలు కూడా తమ పేర్లు మార్చుకొన్న కాలం అది. లచ్చన్న గారి కులానికే సెగిడి అన్న పాత పేరు మీద శ్రీశయన అన్న కొత్త పేరు వచ్చినది. వారు తమంతట తాము మార్చుకొన్నారు, అది వారి హక్కు. నేను మార్చినది ఇతరుల పేరు.

లచ్చన్న గారి ఇంట కూడా పేర్ల రీతి మారినది. కుమారుని పేరు శ్యామసుందర శివాజీ. స్వాతంత్ర్యోద్యమం నాటి ఇండ్లలో శివాజీలు, సుభాష్‌చంద్రబోసులు, గాంధీలు ఎందరు పుట్టినారో లెక్కలేదు. శివాజీ గారు సోంపేట నుంచి పలుమార్లు, 2014లో పలాస నుంచి శాసనసభకు ఎన్నికైనారు. మనుమరాలు శిరీష గారు 2024లో పలాసలో గెలిచినారు. ఓడినవారు సీదిరి అప్పలరాజు గారు. దిరిసెన అనే చెట్టుకు సంస్కృతంలో శిరీషం అని పేరు. లచ్చన్న, శివాజీ, శిరీష: మూడు తరాలలో ప్రాకృతం నుంచి మహారాష్ట్ర చరిత్రకు, అక్కడి నుంచి కావ్యాలలోని పూలకు నడక సాగినది. ఎదుటి పక్షాన మాత్రం సింహాచలం అప్పన్న పేరు ఇంకా బ్యాలెట్‌పై ఉండనే ఉన్నది. మధ్యలో నియోజకవర్గాల పునర్విభజన జరిగి, 2009 ఎన్నికల నుంచి సోంపేట అనే నియోజకవర్గమే లేకుండా పోయినది. ఊరు ఇచ్ఛాపురంలో కలిసినది. మనుషుల పేర్లే కాదు, ఓటు వేసే చోటుల పేర్లూ చెరిగిపోతాయి.

2006 ఏప్రిల్ 19న లచ్చన్న గారు కన్నుమూసినారు. ఆ వేసవిలోనే నా పాత శిష్యుడు నన్ను వెదుక్కొంటూ వచ్చినాడు. ఉద్దానం యువకులు చాలామంది వలె అతనూ గల్ఫ్ దేశాలకు పనికి వెళ్ళదలచినాడు. పాస్‌పోర్టుకు దరఖాస్తు పెడితే చిక్కు వచ్చింది. బడి ధ్రువపత్రంలో లక్ష్మణరావు, రేషను కార్డులో, ఓటరు గుర్తింపు కార్డులో లచ్చన్న. ఇంటికి వచ్చినవారికి తండ్రి తన నోటికి తెలిసిన పేరే చెప్పినాడు మరి. “ఇద్దరూ ఒకరేనని మీరు రాసియ్యాల మాస్టారూ” అన్నాడు. అతని గొంతులో నిష్ఠురం లేదు. నోటరీ దగ్గర అఫిడవిట్ వ్రాయించినాము. నేను సాక్షి సంతకం పెట్టినాను. అక్కడి గుమాస్తా, “అసలు పేరు ఏది సార్, ఏది తప్పు పేరు?” అని అడిగినాడు. వ్యుత్పత్తులన్నీ కంఠస్థమైన నాకు నోరు పెగలలేదు. ఆ కుర్రవాడే అందుకొని, “రెండూ నావే” అన్నాడు.

ఒకే పేరువారిని చూసి ఓటర్లు తికమక పడకుండా 2015 నుంచి బ్యాలెట్‌పై అభ్యర్థుల ఛాయాచిత్రాలు కూడా ముద్రిస్తున్నారు. ఓటరు పేరు మాత్రం పాత పద్ధతిలోనే, అధికారి పైకి చదివి ఏజెంట్లకు వినిపిస్తాడు. 2024 మే 13న నేను వరుసలో నిలబడి ఉండగా, గది లోపలి నుంచి వరుస సంఖ్య, దాని వెంట “లచ్చన్న” అన్న పిలుపు వినవచ్చింది. నాకు నాలుగడుగుల ముందున్న నలభై అయిదేండ్ల మనిషి, గల్ఫ్ ఎండకు కమిలిన మొగంతో, “ఆఁ, నేనే” అని లోపలికి నడిచినాడు.